అగ్రిమెంట్ రాసి రిజిస్ట్రేషన్‌కి రానంటే ఏం చెయ్యాలి

అడ్వాన్స్ తీసుకున్నాడు, అగ్రిమెంట్ మీద సంతకం పెట్టాడు, ఈలోగా గజం రేటు పెరిగింది, ఇప్పుడు ఫోన్ చేస్తే "ఊళ్లో లేనండీ, వచ్చాక మాట్లాడదాం" అంటున్నాడు. మీది ఇదే పరిస్థితి అయితే చదవండి. మా అక్కావాళ్లకి అచ్చం ఇలాగే జరిగింది. 2019 జూన్‌లో గుంటూరు శివార్లలో 200 గజాల స్థలం, గజం 12 వేల చొప్పున 24 లక్షలకు బేరం కుదిరింది, 4 లక్షలు బయానా ఇచ్చి ఆరు నెలల గడువుతో వంద రూపాయల స్టాంపు పేపర్ మీద అగ్రిమెంట్ రాసుకున్నారు. ఆ స్థలం అక్క, బావగార్ల పేరున రిజిస్టర్ అయింది 2025లో. మధ్యలో కోర్టు చుట్టూ తిరిగింది బావగారూ నేనూ. నేను లాయర్ని కాను, మీ కేసు నడిపేది మీ లాయరే. కానీ లాయరు దగ్గరకు వెళ్లకముందు మీరు చేసినవీ, చెయ్యకుండా వదిలేసినవీ కలిసి సగం కేసును ముందే తేల్చేస్తాయి. అది మాకు చాలా ఆలస్యంగా అర్థమైంది.

ముందు ఒక భ్రమ వదిలించుకోండి. అగ్రిమెంట్ చేతిలో ఉంది కాబట్టి స్థలం సగం మనదే అనుకుంటారు చాలామంది. కాదు. ఆస్తి బదిలీ చట్టం సెక్షన్ 54 ప్రకారం అగ్రిమెంట్ వల్ల ఆస్తి మీద మీకు ఏ హక్కూ పుట్టదు. "నువ్వు ఒప్పుకున్నట్టు రిజిస్ట్రేషన్ చెయ్యి" అని అడిగే హక్కు ఒక్కటే పుడుతుంది. దాన్ని కోర్టులో అడగడాన్నే స్పెసిఫిక్ పెర్ఫార్మెన్స్ దావా అంటారు. 1963 నాటి స్పెసిఫిక్ రిలీఫ్ చట్టం కింద వేస్తారు. పాత చట్టంలో అన్నీ సరిగ్గా ఉన్నా డిక్రీ, అంటే కోర్టు తీర్పు ఉత్తర్వు, ఇవ్వాలా వద్దా అన్నది జడ్జిగారి విచక్షణ మీద ఉండేది, "డబ్బు వెనక్కి ఇస్తే చాలుగా" అని తేల్చేసే వీలుండేది. 2018 సవరణ ఆ ఏడాది అక్టోబర్ 1 నుంచి అమల్లోకి వచ్చాక, చట్టంలో చెప్పిన అడ్డంకులు లేకపోతే ఒప్పందాన్ని అమలు చేయించి తీరాలి. మీ అగ్రిమెంట్ అంతకుముందుదైతే అవతలి లాయరు పాత చట్టం వర్తిస్తుందని వాదిస్తాడు, ఆ సంగతి మీ లాయరుతో ముందే మాట్లాడుకోండి.

ఇక ఆ అడ్డంకుల్లో అసలుది, అందరి కొంపా ముంచేది, సెక్షన్ 16(సి).

మీ డబ్బు సిద్ధంగా ఉందని చూపించాలి

కోర్టుకు వెళ్తే అక్కడ తేలేది అమ్మినవాడు ఎంత మోసగాడన్నది అనుకున్నాం మేము. ఆ మోసం గురించి పెద్దగా ఎవరూ అడగలేదు. అడిగిందల్లా, ఒప్పందం రాసుకున్న రోజు నుంచి నువ్వు నీ వంతు పని చెయ్యడానికి సిద్ధంగా ఉన్నావా, ఇష్టంగా ఉన్నావా అని. సిద్ధం అంటే డబ్బు ఉండటం లేదా సమకూర్చుకోగల స్తోమత ఉండటం. ఇష్టం అంటే ఆ డబ్బుతో నిజంగా కొనాలని మీరు కదిలినట్టు కనపడటం. రెండూ కావాలి, అదీ డిక్రీ వచ్చేదాకా కొనసాగుతూ ఉండాలి.

బావగారిని అవతలి లాయరు క్రాస్ ఎగ్జామిన్ చేసిన రోజు నాకింకా గుర్తు. వారం ముందు నుంచీ అమ్మినాయన ఎన్నిసార్లు మొహం చాటేశాడో, ఎవరి ముందు ఏమన్నాడో అన్నీ వరస పెట్టుకుని మరీ వెళ్లారు. అవతలి లాయరు అదేమీ అడగలేదు. బోనులో ఉన్న మనిషి చేతికి పాస్‌బుక్ ఇచ్చి, "2019 డిసెంబర్‌లో మీ ఖాతాలో నిల్వ ఎంతుందో చదవండి" అన్నాడు. మూడు లక్షల పదివేలు. "కట్టాల్సింది ఎంత?" ఇరవై లక్షలు. "నేనింకేమీ అడగనక్కర్లేదు" అని కూర్చున్నాడు. బావగారు బయటికొచ్చి వేపచెట్టు కింద పావుగంట మాట్లాడలేదు.

మమ్మల్ని కాపాడింది బ్యాంకు లోన్ శాంక్షన్ లెటర్. 2019 నవంబర్‌లో ఇచ్చిన కాగితం, 15 లక్షలకు. దాంతోపాటు అక్క పేరు మీద 6 లక్షల ఫిక్స్‌డ్ డిపాజిట్ రసీదు. రెండూ బీరువాలో ఎల్‌ఐసీ కాగితాల మధ్య పడి ఉన్నాయి. దావాతో పాటే దాఖలు చెయ్యాల్సినవాటిని మధ్యలో తెస్తే ఊరుకోరు. ఆలస్యంగా ఎందుకు తెచ్చామో చెబుతూ వేరే పిటిషన్ వేసి, ఖర్చుల కింద 500 కట్టి, బ్యాంకు ఉద్యోగిని సాక్షిగా పిలిపించుకుంటే తప్ప అవి రికార్డులోకి ఎక్కలేదు.

కాబట్టి గడువు తేదీ చుట్టుపక్కల మీ దగ్గర డబ్బు ఉందని చూపే ప్రతి కాగితం ఇవాళే ఒక కవర్లో పెట్టండి. బ్యాంకు స్టేట్‌మెంట్, ఎఫ్‌డీ, లోన్ లెటర్, ఏదైనా అమ్మి ఉంటే ఆ పత్రం, చుట్టాల దగ్గర తీసుకుంటే వాళ్ల ఖాతా నుంచి మీ ఖాతాకి వచ్చిన ఎంట్రీ. మిగతా సొమ్మును దావాతో పాటే కోర్టులో కట్టేయాలని చట్టం అనదు, కోర్టు ఆదేశిస్తేనే కట్టాలి. కానీ కట్టగలరని రుజువు చెయ్యడం మాత్రం మీ పనే. "ఎవరినడిగినా ఇస్తారు సార్, మాకు ఊళ్లో పరపతి ఉంది" అనే మాట కోర్టులో చెల్లదు.

గడువు రోజున సబ్ రిజిస్ట్రార్ ఆఫీసుకి వెళ్లండి, అవతలివాడు రాడని తెలిసినా సరే. స్లాట్ బుక్ చేసిన రసీదు, కట్టిన చలానా, అమ్మేవాడి పేరున తీసిన డీడీ జిరాక్స్, "రేపు పదిన్నరకి ఆఫీసు దగ్గర ఉంటాం, రండి" అని ముందురోజు పంపిన మెసేజ్, ఇవన్నీ మీరు ఇష్టంగా ఉన్నారని చెప్పే సాక్ష్యాలే. మేమది చెయ్యలేదు. ఆయన రాననేశాడు కదా, వెళ్లి ఏం లాభం అనుకున్నాం.

మూడేళ్ల లెక్క

దావా వెయ్యడానికి లిమిటేషన్, అంటే చట్టం పెట్టిన గడువు, మూడేళ్లు. ఎప్పటి నుంచి అన్నదగ్గర జనం బోల్తా పడతారు. అగ్రిమెంట్‌లో గడువు తేదీ రాసి ఉంటే ఆ తేదీ నుంచే మూడేళ్లు, అవతలివాడు ఆ తర్వాత ఎప్పుడు చెయ్యనన్నాడన్నది లెక్కలోకి రాదు. గడువు ఏదీ రాయకపోతేనే, అతను నిరాకరించాడని మీకు తెలిసిన రోజు నుంచి మూడేళ్లు. "మీ అమ్మాయి పెళ్లయ్యాక చేద్దాంలే", "మా తమ్ముడు అమెరికా నుంచి వచ్చాక" అని నోటిమాటగా గడువు పొడిగించుకుంటూ పోతే రేపు కోర్టులో దానికి రుజువు ఉండదు. గడువు పెంచిన ప్రతిసారీ అగ్రిమెంట్ వెనకే తేదీ వేసి, ఎప్పటిదాకా పెంచారో రాయించి, అమ్మేవాళ్లందరి సంతకాలూ పెట్టించుకోండి. మధ్యలో ఇంకొంత డబ్బిస్తే దానికి చెల్లు కూడా అక్కడే రాయించుకోండి.

మూడేళ్లు ఉన్నాయి కదా అని కూర్చోవడం ఇంకో తప్పు. మధురైలో ఒక ఇంటి కేసుంది, 60 వేలకు బేరం, 5 వేలు అడ్వాన్స్, ఆరు నెలల గడువు. కొన్నాయన ఆ తర్వాత రెండున్నరేళ్లు ఉలుకూ పలుకూ లేకుండా ఉండి, లిమిటేషన్ దాటకముందే దావా వేశాడు. 1997లో సుప్రీంకోర్టు ఇల్లు ఇప్పించనంది. పట్టణాల్లో ధరలు రోజురోజుకీ మారుతుంటే కొద్దిపాటి అడ్వాన్స్ ఇచ్చి ఏళ్ల తరబడి మౌనంగా ఉన్నవాడిని ఒప్పందానికి సిద్ధంగా ఉన్నవాడని ఎలా అంటాం అన్నది దాని సారాంశం. నా లెక్కలో గడువు దాటిన నెలలోపు నోటీసు, ఇంకో రెండు మూడు నెలల్లో దావా. అంతకు మించి రాజీ మాటల కోసం ఆగితే అవతలివాడికే లాభం.

నోటీసు లాయరు చేత ఇప్పించండి. మిగతా సొమ్ము రెడీగా ఉందని, ఫలానా తేదీన ఫలానా సబ్ రిజిస్ట్రార్ ఆఫీసుకి వచ్చి రిజిస్టర్ చెయ్యాలని స్పష్టంగా ఉండాలి. అక్నాలెడ్జ్‌మెంట్‌తో పోస్టులో పంపండి. తీసుకోకుండా తిరగ్గొడితే భయపడకండి, సరైన అడ్రసుకు పంపిన కవరు "నిరాకరించారు" అని తిరిగొస్తే అందినట్టే లెక్క. ఆ కవరు చింపకుండా అలాగే దాచండి, కోర్టులో తెరిచేదాకా.

అతను జవాబుగా "నీ అగ్రిమెంట్ రద్దు చేశాను, అడ్వాన్స్ జప్తు" అని నోటీసిచ్చాడా? అయితే దావాలో ఆ రద్దు చెల్లదని ప్రకటించమని కూడా అడగాలి. 2013లో సుప్రీంకోర్టు ఒక కేసులో, రద్దును సవాలు చెయ్యకుండా రిజిస్ట్రేషన్ ఒక్కటే అడిగితే దావా నిలవదనేసింది. తర్వాతి తీర్పుల్లో కొంత వెసులుబాటు వచ్చినా ఒక్క వాక్యానికి రిస్కు దేనికి.

దావాలో ఏమేం అడగాలి

రిజిస్ట్రేషన్ చేయించాలి, స్వాధీనం ఇప్పించాలి, అది కుదరకపోతే అడ్వాన్స్ వడ్డీతో సహా తిరిగి ఇప్పించాలి. మూడూ ఒకే దావాలో అడగండి. అడ్వాన్స్ వాపసు అడగకపోతే ఇవ్వనక్కర్లేదని చట్టంలోనే ఉంది. మరిచిపోతే తర్వాత సవరణకు అవకాశం ఉంటుంది గానీ, దానికో పిటిషన్, దానికో ఆరు వాయిదాలు. ఇంకో ఉచ్చు ఏంటంటే, కొందరు ముందు "అమ్మకుండా ఆపండి" అని ఇంజంక్షన్ దావా ఒక్కటే వేసి, రిజిస్ట్రేషన్ దావా తర్వాత చూద్దాంలే అంటారు. అప్పటికే రిజిస్ట్రేషన్ అడిగే హక్కు ఉండి, కోర్టు అనుమతి లేకుండా దాన్ని వదిలేస్తే, రెండో దావా వెయ్యడానికే వీల్లేకుండా పోవచ్చు.

దావా ఆస్తి ఉన్న ఊరి కోర్టులోనే వెయ్యాలి, మీరు హైదరాబాద్‌లో ఉన్నా డల్లాస్‌లో ఉన్నా సరే. విదేశాల్లో ఉన్నవాళ్లు జీపీఏ (జనరల్ పవర్ ఆఫ్ అటార్నీ) ఇచ్చి నాన్నగారి చేత వేయిస్తుంటారు, అది చెల్లుతుంది, కానీ డబ్బు సిద్ధంగా ఉందన్న సంగతి మీ స్వానుభవం కాబట్టి దాని మీద సాక్ష్యం మీరే చెప్పుకోవాలి. కోర్టు ఫీజు ఇవాళ్టి మార్కెట్ రేటు మీద కాదు, అగ్రిమెంట్‌లో రాసుకున్న ధర మీద, ఆంధ్రలోనూ తెలంగాణలోనూ అంతే.

అగ్రిమెంట్ రిజిస్టర్ కాలేదని టెన్షన్ పడతారు. ఉమ్మడి రాష్ట్రంలో 1999 నుంచే అమ్మకం అగ్రిమెంట్‌కి రిజిస్ట్రేషన్ తప్పనిసరి చేశారు, నిజమే. అయినా రిజిస్ట్రేషన్ చట్టం సెక్షన్ 49లోని మినహాయింపు వల్ల రిజిస్టర్ కాని అగ్రిమెంట్‌ని ఈ రకం దావాలో సాక్ష్యంగా తీసుకుంటారు. మా కేసులో అవతలి లాయరు అగ్రిమెంట్‌ని సాక్ష్యంగా నంబరు వేసి తీసుకునే రోజున ఈ అభ్యంతరమే లేపాడు, నిలవలేదు. కానీ స్టాంపు సంగతి వేరు. అగ్రిమెంట్‌లో "ఈ రోజే స్వాధీనం చేశాను" అన్న ముక్క ఉంటే దానికి అమ్మకం దస్తావేజుకు పడేంత స్టాంపు డ్యూటీ పడుతుంది. అది కట్టేదాకా కాగితాన్ని సాక్ష్యంలోకి తీసుకోరు, పెనాల్టీ పది రెట్ల దాకా వేస్తారు. లేఖర్లు పాత నమూనా చూసి ఆ వాక్యం అలవాటుగా కొట్టేస్తారు. స్థలం నిజంగా స్వాధీనం కానప్పుడు దాన్ని రాయనివ్వకండి.

నగదు గురించి ఒక మాట. ఆస్తి కొనుగోలుకు అడ్వాన్స్‌గా 20 వేలు, అంతకు మించి నగదు పుచ్చుకోవడం 2015 జూన్ నుంచే నిషేధం, పుచ్చుకున్నవాడికి అంతే పెనాల్టీ. ఆ పైన 2025 ఏప్రిల్‌లో సుప్రీంకోర్టు, దావాలో 2 లక్షలు, అంతకు మించి నగదు ఇచ్చామని ఉంటే కోర్టులు ఇన్‌కమ్ ట్యాక్స్ వాళ్లకు తెలియజేయాలని ఆదేశించింది. మావాళ్లు ఇచ్చిన నాలుగు లక్షల్లో లక్ష నగదు. ఆయన కోర్టులో "నాకు ముట్టింది మూడే" అన్నాడు. నాలుగూ ముట్టాయని అగ్రిమెంట్‌లో ఆయన సంతకం కిందే ఉంది కాబట్టి గట్టెక్కాం.

ఈలోగా వేరేవాళ్లకి అమ్మేస్తే?

దావాతో పాటే ఇంజంక్షన్ పిటిషన్ వెయ్యండి, ఆర్డర్ వస్తే కాపీ సబ్ రిజిస్ట్రార్‌కి ఇచ్చి రసీదు తీసుకోండి. దావా పెండింగ్‌లో ఉండగా కొన్నవాడు ఎవడైనా మీ తీర్పుకు కట్టుబడాల్సిందే. చిక్కల్లా దావాకు ముందు కొన్నవాడితో. అతను మీ అగ్రిమెంట్ సంగతి తెలియకుండా, పూర్తి సొమ్మిచ్చి, మంచి నమ్మకంతో కొన్నానని చూపితే బయటపడతాడు. అందుకే అగ్రిమెంట్ రిజిస్టర్ చేయించుకోవడం మంచిదనేది, ఈసీలో, అంటే ఆస్తి మీద రిజిస్టరైన లావాదేవీలు చూపే సర్టిఫికెట్‌లో, కనపడితే "నాకు తెలియదు" అనడానికి కుదరదు. అది లేనివాళ్లు గొడవ మొదలైన వెంటనే పేపర్లో ప్రకటన వేయించండి. నెలకోసారి ఈసీ తీసి చూస్తూ ఉండండి, ఎవరైనా కొన్నట్టు కనపడితే వాళ్లను కూడా ప్రతివాదిగా చేర్చాలి.

ఎంత పరిగెత్తినా కొన్నింటికి డిక్రీ రాదు. ప్రభుత్వం పేదలకు పంచిన అసైన్డ్ భూమి, ఏజెన్సీలో గిరిజనేతరులకు అమ్మకూడదనే 1/70 చట్టం వర్తించే భూమి, వీటి అమ్మకమే చట్టవిరుద్ధమైనప్పుడు అగ్రిమెంట్ చిత్తుకాగితంతో సమానం. ఉమ్మడి ఆస్తిలో ఒక్క అన్న సంతకం పెడితే మిగతావాళ్ల వాటా మీకు రాదు. మన దగ్గర బాగా నడిచే ఇంకో బాపతు ఉంది, వడ్డీకి డబ్బిచ్చి ప్రాంసరీ నోటు బదులు ఇంటి అగ్రిమెంట్ రాయించుకోవడం. యాభై లక్షల ఇంటిని పదిహేనుకు అమ్ముతున్నట్టు, అందులో పద్నాలుగు ముందే ఇచ్చేసినట్టు రాసి, మిగతా లక్షకి మూడేళ్ల గడువు పెడితే కోర్టుకు విషయం ఇట్టే తెలిసిపోతుంది. అది అప్పుకు హామీ అని తేలితే ఇల్లు రాదు. రాకూడదు కూడా, నన్నడిగితే.

డిక్రీ వచ్చాక

సమన్లు అందిన 12 నెలల్లో, మహా అయితే ఇంకో ఆరు నెలల్లో ఈ దావాలు తేల్చాలని చట్టంలో రాసి ఉంది. మాది 2020 ఫిబ్రవరిలో వేస్తే 2024లో తీర్పొచ్చింది, మధ్యలో కరోనా ఉందనుకోండి. ఈలోగా లోక్ అదాలత్‌లో రాజీ కుదిరితే కట్టిన కోర్టు ఫీజు వెనక్కొస్తుంది, అవార్డుకు డిక్రీతో సమానమైన విలువ ఉంటుంది, దాని మీద అప్పీల్ ఉండదు. మాకు ఒకసారి గజానికి రెండు వేలు పెంచి రాజీ చేసుకుందామన్న మాట వచ్చింది. బావగారు పట్టుదలకు పోయారు. నాలుగు లక్షలు ఎక్కువిచ్చినా అప్పుడే అయిపోయుండేది, ఇప్పటికీ మా ఇంట్లో ఈ విషయం మీద రెండు పార్టీలు.

తీర్పు అనుకూలంగా వచ్చిందని స్వీట్లు పంచే ముందు, మిగతా సొమ్ము ఎన్నాళ్లలో కట్టాలని రాశారో చూడండి. మాకు రెండు నెలలు. ఆ గడువు దాటితే అవతలివాడు ఒప్పందం రద్దు చెయ్యమని అదే కోర్టును అడగొచ్చు. గడువు పెంచమని మీరూ అడగొచ్చు, కానీ ఇన్నేళ్లు "డబ్బు రెడీ" అని వాదించి ఇప్పుడు టైమ్ అడిగితే ఎలా ఉంటుందో మీరే ఊహించుకోండి. అప్పీల్ వేశాడని కూడా ఆగకండి, స్టే లేకపోతే కట్టెయ్యండి, స్టే ఉంటే మీ లాయర్ని అడిగి కట్టండి. మేము పదో రోజున డిపాజిట్ చేసి రసీదు తీసుకున్నాం.

అప్పటికీ ఆయన రాలేదు. అప్పుడు ఈపీ, అంటే ఎగ్జిక్యూషన్ పిటిషన్ వెయ్యాలి, దానికి పన్నెండేళ్ల గడువుంది. అందులో అమ్మకం దస్తావేజు ముసాయిదా మీరే రాయించి ఇస్తారు. సర్వే నంబరు, హద్దులు, కొలతలు డిక్రీలో ఉన్నవి ఉన్నట్టు అక్షరం తేడా లేకుండా ఉండాలి. మా ముసాయిదాలో తూర్పు హద్దు పేరు కొత్త యజమానిది రాశారని వెనక్కిచ్చారు, దానికే నెలన్నర పోయింది. ముసాయిదా మీద అభ్యంతరాలుంటే చెప్పమని అవతలివాడికి నోటీసు వెళ్తుంది, ఆయన చెప్పకపోయినా, చెప్పింది నిలవకపోయినా, స్టాంపు డ్యూటీ మీరు కట్టాక కోర్టే ఆయన తరఫున సంతకం చేయిస్తుంది.

ఆ రోజు సబ్ రిజిస్ట్రార్ ఆఫీసుకి కోర్టు నుంచి ఒక ఉద్యోగి వచ్చాడు, చేతిలో కవరు, జేబులో రెండు పెన్నులు. అమ్మేవాళ్లు కూర్చునే కుర్చీలో ఆయనే కూర్చుని, పేజీ పేజీకీ "ప్రతివాది తరఫున, కోర్టు ఆదేశం మేరకు" అని సంతకం పెట్టి, వేలిముద్ర కూడా ఆయనే వేశాడు. ఇరవై నిమిషాల పని. అక్క కొంగుతో కళ్లు ఒత్తుకుంటుంటే ఆయన "ఇంకో చోట కూడా ఉందమ్మా, త్వరగా ఫొటో దిగండి" అన్నాడు.

స్వాధీనం డిక్రీలో ఉంటే అదే ఈపీలో కోర్టు అమీను (ఆదేశాలు అమలు చేసే ఉద్యోగి) వచ్చి అప్పగిస్తాడు. మాది ఖాళీ స్థలమే కాబట్టి హద్దురాళ్లు చూపించి, పంచనామా రాసి, ఇద్దరు సాక్షుల సంతకాలు తీసుకుని వెళ్లిపోయాడు. మర్నాడే కంచె వేయించాం.